ఆరుబయట ముప్పును ముందే పసిగట్టే పరికరాలు: తరచుగా అడిగే ప్రశ్నలు

కొండలెక్కేవాళ్లు, అడవుల్లో తిరిగేవాళ్లు, గుడారాల్లో పడుకునేవాళ్లు, మంచు వాలుల్లో నడిచేవాళ్లు. వీళ్లందరూ ఈ పరికరాల గురించి అడిగే సందేహాలు మళ్లీ మళ్లీ అవే. అందుకే అన్నీ ఒకచోట చేర్చాను. ప్రయాణంలోని దశల వారీగా విడదీశాను కాబట్టి, మీకు కావాల్సిన ప్రశ్న దగ్గరికి నేరుగా వెళ్లవచ్చు. దేని జవాబు దానికే పూర్తిగా ఉంటుంది.

ఒక్క మాట మాత్రం మొదటే చెప్పాలి. ఏ పరికరమూ మిమ్మల్ని కాపాడదు. అది కాస్త ముందుగా కబురు చెబుతుంది, అంతే. ఆ దొరికిన కొద్ది నిమిషాల్లో మీరు వేసే అడుగే కాపాడుతుంది. ఇంకో సంగతి, పరికరం మౌనంగా ఉందంటే ముప్పు లేదని అర్థం కాదు. అది చూడగలిగిన ఒక్క ముప్పు, చూడగలిగినంత దూరంలో, ఆ క్షణానికి దానికి కనిపించలేదని మాత్రమే అర్థం.

## కొనే ముందు

ఫోన్‌లోనే అన్నీ ఉన్నాయి కదా, వేరే పరికరం దేనికి?

సిగ్నల్ ఉన్న చోట పూటలో తిరిగొచ్చే నడకకు ఫోన్ చాలు. అందులోని జీపీఎస్ ఉపగ్రహాల నుంచి నేరుగా సంకేతం అందుకుంటుంది, కాబట్టి టవర్ లేకపోయినా పనిచేస్తుంది. ఆకాశం బాగా తెరిచి ఉన్నచోట సుమారు 5 మీటర్ల తేడాతో మీరెక్కడున్నారో చెబుతుంది. మ్యాప్‌ను మాత్రం ముందే డౌన్‌లోడ్ చేసుకోవాలి.

చిక్కల్లా మిగతా వాటితోనే. వర్షం రాడార్, పిడుగుల యాప్, ప్రభుత్వ హెచ్చరికలు నెట్‌వర్క్ పోగానే ఆగిపోతాయి. తడి చేతికి తెర పలకదు, చలికి బ్యాటరీ హఠాత్తుగా పడిపోతుంది, ఒక్కసారి రాయి మీద పడితే కథ ముగుస్తుంది. పైగా నిప్పు సరిగా మండనప్పుడు పుట్టే విషవాయువు కార్బన్ మోనాక్సైడ్‌నో, మంచు కింద కూరుకుపోయిన మనిషినో ఫోన్ గుర్తించలేదు. రాత్రి బస ఉన్నా, సిగ్నల్ లేని చోటికి వెళ్తున్నా, సాయం పిలిచే సాధనం ఫోన్‌కు వేరుగా ఉండాలని నేను గట్టిగా చెబుతాను.

ముందుగా ఒక్కటే కొనగలను. ఏది కొనాలి?

మీరు వెళ్లే చోట ప్రాణం తీయగలిగినదీ, మీ కంటికీ చెవికీ ముక్కుకూ అందనిదీ ఏదో ఆలోచించండి. మొదట కొనాల్సింది దానికి సంబంధించినదే. వాహనంలోనో గుడారంలోనో పడుకుంటూ దగ్గర్లో స్టవ్, హీటర్, జనరేటర్ వాడేవాళ్లకు కార్బన్ మోనాక్సైడ్ అలారం. సిగ్నల్ లేని చోట్ల తిరిగేవాళ్లకు ఉపగ్రహం ద్వారా సాయం పిలిచే సాధనం. ఏటవాలు మంచులో తిరిగేవాళ్లకు, మంచు కింద కూరుకుపోయినవాళ్లను రేడియో సంకేతంతో వెతికే ట్రాన్స్‌సీవర్, దాంతోపాటు గుచ్చి వెతికే కడ్డీ, పార. ఈ మూడూ కలిపి ఒకటే వస్తువు అనుకోండి, విడిగా దేనికీ విలువ లేదు.

పిడుగు డిటెక్టర్, థర్మల్ కెమెరా లాంటివి ఆ తర్వాత. ఉరుమును వినడానికి చెవులున్నాయి. కార్బన్ మోనాక్సైడ్‌ను వాసన పట్టే ముక్కు ఎవరికీ లేదు.

పీఎల్‌బీ, శాటిలైట్ మెసెంజర్, ఫోన్‌లో వచ్చే శాటిలైట్ ఎస్ఓఎస్: మూడూ ఒకటేనా?

కాదు. పీఎల్‌బీ అంటే ఒంటి మీద ఉంచుకునే అత్యవసర బీకన్. మీట నొక్కితే 406 మెగాహెర్ట్జ్ మీద కాస్పాస్-సార్సాట్ అనే అంతర్జాతీయ ఉపగ్రహ వ్యవస్థకు సంకేతం వెళ్తుంది. కెనడా, ఫ్రాన్స్, అమెరికా, సోవియట్ యూనియన్ కలిసి 1979లో మొదలుపెట్టిన ఈ వ్యవస్థ 1982 నుంచి ప్రాణాలు కాపాడుతోంది. నెలవారీ చందా లేదు. ఒకసారి మొదలుపెడితే కనీసం 24 గంటలు సంకేతం పంపేలా దీన్ని తయారుచేస్తారు. లోపమేమిటంటే సంభాషణ కుదరదు. కొన్ని కొత్త మోడళ్లలో మాత్రం మీ సంకేతం అందిందని గెలీలియో ఉపగ్రహాల ద్వారా తిరిగి కబురు వచ్చి ఒక దీపం వెలుగుతుంది.

శాటిలైట్ మెసెంజర్‌తో రెండు వైపులా సందేశాలు నడుస్తాయి. "కాలు విరిగింది, స్పృహలోనే ఉన్నాడు, రక్తం కారడం లేదు" అని చెప్పగలగడం రక్షించేవాళ్లకు ఎంత పనికొస్తుందో మాటల్లో చెప్పలేం. దీనికి చందా కట్టాలి, తరచూ చార్జింగ్ పెట్టాలి.

ఫోన్‌లోని శాటిలైట్ ఎస్ఓఎస్ 2022 నవంబర్‌లో ఐఫోన్ 14తో జనంలోకి వచ్చింది. మంచి సదుపాయమే, కానీ అన్ని దేశాల్లో లేదు. ఫోన్‌ను ఉపగ్రహం వైపు చూపిస్తూ నిలబడాలి, చెట్ల కింద ఆలస్యమవుతుంది. పైగా ఫోన్ బ్యాటరీ మీదే ఆధారం.

ఒంటరిగా తిరిగేవాళ్లకు మెసెంజర్ మేలని నా అభిప్రాయం. సంచిలో ఏళ్ల తరబడి ముట్టుకోకుండా ఉంచి, అవసరమైన రోజున మాత్రం తప్పక పనిచేయాలనుకునేవాళ్లకు పీఎల్‌బీ. ఏది కొన్నా, వెళ్లే దేశపు చట్టం ముందు తెలుసుకోండి. భారత్‌తో సహా కొన్ని దేశాల్లో అనుమతి లేకుండా ఉపగ్రహ ఫోన్లు, మెసెంజర్లు వెంట ఉంచుకోవడం నేరమవుతుంది.

గుహలోకో, అగ్నిపర్వత ప్రాంతానికో వెళ్తే మామూలు గ్యాస్ డిటెక్టర్ సరిపోతుందా?

సరిపోదు. ఎందుకు సరిపోదో తెలియకపోవడమే పెద్ద ప్రమాదం. ఎక్కువగా దొరికే నాలుగు వాయువుల డిటెక్టర్ ఆక్సిజన్‌ను, మండే వాయువులను, కార్బన్ మోనాక్సైడ్‌ను, హైడ్రోజన్ సల్ఫైడ్‌ను కొలుస్తుంది. కార్బన్ డయాక్సైడ్‌ను కొలవదు. అగ్నిపర్వతాల దగ్గర పల్లపు గుంటల్లో, గాలి ఆడని గుహల్లో పేరుకునేది ముఖ్యంగా అదే. గాలి కంటే ఒకటిన్నర రెట్లు బరువు కాబట్టి నీళ్లలా పల్లానికి చేరుతుంది.

"ఆక్సిజన్ తగ్గితే అలారం మోగుతుంది కదా" అంటారు. లెక్క చూడండి. గాలిలో కార్బన్ డయాక్సైడ్ 5 శాతానికి చేరితే ఆక్సిజన్ 20.9 నుంచి దాదాపు 19.9 శాతానికి మాత్రమే దిగుతుంది. ఆక్సిజన్ అలారాన్ని సాధారణంగా 19.5 దగ్గర పెడతారు. అంటే పరికరం నోరు మెదపదు, కానీ ఆ 5 శాతమే ప్రాణాంతకం కావచ్చు. 1986 ఆగస్టు 21 రాత్రి కామెరూన్‌లోని న్యోస్ సరస్సు నుంచి ఒక్కసారిగా వెలువడిన కార్బన్ డయాక్సైడ్ చుట్టుపక్కల ఊళ్లలో 1,700 మందికి పైగా ప్రాణాలు తీసింది. ఇలాంటి చోటుకు వెళ్లేవాళ్లు పరారుణ కాంతితో పనిచేసే ప్రత్యేకమైన కార్బన్ డయాక్సైడ్ సెన్సర్ తీసుకోవాలి.

హైడ్రోజన్ సల్ఫైడ్ విషయంలో ముక్కును నమ్మకండి. తక్కువ మోతాదులో కుళ్లిన గుడ్ల వాసన వస్తుంది. మోతాదు బాగా పెరిగితే ముక్కు మొద్దుబారి ఆ వాసనే తెలియదు. వాసన పోయిందంటే గాలి బాగుపడిందనుకుని ముందుకు నడవడం ఎంత ప్రమాదమో ఊహించండి.

పిడుగును పసిగట్టే చిన్న పరికరాలు నిజంగా పనిచేస్తాయా?

ఓ మోస్తరుగా. మెరుపు పుట్టించే రేడియో తరంగాలను పట్టుకుని, వాటి బలాన్ని బట్టి దూరాన్ని అంచనా వేస్తాయి. 40 కిలోమీటర్ల దాకా పసిగట్టేవి ఉన్నాయి. ఏ దిక్కున పడుతున్నాయో చాలావరకు చెప్పలేవు. మోటార్లు, చార్జర్లు దగ్గరుంటే లేని పిడుగును ఉందని అరుస్తాయి. పిల్లలను ఆటస్థలంలో ఆడించేవాళ్లకు, పొలంలోనో నీళ్ల మీదో ఎక్కువసేపు ఉండేవాళ్లకు ముందుగా లేచే అవకాశం ఇస్తాయి కాబట్టి ఉపయోగమే.

ఖర్చు లేని పద్ధతి కూడా ఉంది. మెరుపు కనిపించినప్పటి నుంచి ఉరుము వినిపించేదాకా సెకన్లు లెక్కపెట్టి మూడుతో భాగించండి. వచ్చేది కిలోమీటర్లలో దూరం. 30 సెకన్లలోపే వినిపిస్తే పిడుగు 10 కిలోమీటర్ల లోపే ఉంది, తర్వాతది మీ దగ్గరే పడవచ్చు.

## బయల్దేరే ముందు

బీకన్‌ను రిజిస్టర్ చేయకపోతే ఏమవుతుంది?

సంకేతం వెళ్తుంది. కానీ అది ఎవరిదో, ఎవరికి ఫోన్ చేసి కనుక్కోవాలో రక్షణ కేంద్రానికి తెలియదు. రిజిస్టర్ చేసి ఉంటే మొదట మీ ఇంటివాళ్లకు ఫోన్ వస్తుంది. "అవును, నలుగురు కలిసి ఫలానా కొండకు వెళ్లారు, ఒకరికి ఉబ్బసం ఉంది" అనే ఆ ఒక్క మాటతో వెతుకులాట రూపమే మారిపోతుంది. అందుకే అక్కడ ఇచ్చే నంబరు మీతో పాటు కొండెక్కే స్నేహితుడిది కాకూడదు, ఇంట్లో ఉండి ఫోన్ ఎత్తేవాళ్లది కావాలి. వాళ్లకు మీ దారి, తిరిగొచ్చే సమయం తెలిసుండాలి. ఇంకొకరి దగ్గర పాతది కొంటే యజమాని పేరు తప్పకుండా మార్పించుకోండి.

పరికరం పనిచేస్తోందో లేదో ఇంట్లోనే పరీక్షించడం ఎలా?

పీఎల్‌బీకి సెల్ఫ్ టెస్ట్ మీట విడిగా ఉంటుంది, అదొక్కటే వాడండి. "నిజంగా పోతుందో లేదో చూద్దాం" అని అసలు మీట నొక్కితే ఎక్కడో ఒక రక్షణ బృందం కదులుతుంది.

కార్బన్ మోనాక్సైడ్ అలారంలో టెస్ట్ మీట నొక్కితే మోగుతుంది కదా అని నిశ్చింతగా ఉండకండి. చాలా మోడళ్లలో ఆ మీట బ్యాటరీని, హారన్‌ను, సర్క్యూట్‌ను మాత్రమే పరీక్షిస్తుంది. లోపలి సెన్సర్ గడువు తీరిందో లేదో వెనక ముద్రించిన తేదీ చూస్తేనే తెలుస్తుంది. వృత్తిపరంగా వాడే గ్యాస్ డిటెక్టర్లకైతే, మోతాదు తెలిసిన వాయువును కాస్త తగిలించి అలారం మోగుతుందో లేదో చూసే బంప్ టెస్ట్ ప్రతి వాడకానికి ముందూ చేయాలి.

మంచులో వాడే ట్రాన్స్‌సీవర్లను ఇంట్లో కాకుండా నడక మొదలయ్యే చోటే పరీక్షించాలి. ఒకరు ముందు నిలబడతారు, మిగతావాళ్లు ఒక్కొక్కరుగా ఎడం పాటిస్తూ దాటుకుంటూ వెళ్తారు. ప్రతి ఒక్కరిదీ సంకేతం పంపుతోందా, అందుకుంటోందా అని రెండూ చూడాలి. దీన్ని ఏ రోజూ వదిలిపెట్టకండి.

చలిలో బ్యాటరీలు ఎందుకు చచ్చిపోతాయి? ఏం చేయాలి?

చలికి బ్యాటరీ లోపలి రసాయన చర్య మందగిస్తుంది. ఫోన్ 40 శాతం చూపిస్తూనే టక్కున ఆగిపోవచ్చు. లోపలి జేబులో, ఒంటి వెచ్చదనానికి దగ్గరగా ఉంచండి, రాత్రి పడక సంచిలో పెట్టుకోండి. మామూలు ఆల్కలీన్ సెల్స్ కంటే మళ్లీ చార్జ్ చేయలేని లిథియం సెల్స్ చలికి బాగా తట్టుకుంటాయి. అయితే ఏ సెల్ వేయాలో తయారీదారు చెప్పినదే వేదం. ఆల్కలీన్ కోసం తయారైన ట్రాన్స్‌సీవర్‌లో లిథియం వేస్తే బ్యాటరీ ఎంత మిగిలిందో అది తప్పుగా చూపిస్తుంది.

వాతావరణ యాప్‌లో '40 శాతం వర్షం' అంటే ధైర్యంగా వెళ్లవచ్చా?

ఆ అంకె మీరున్న చోట, ఆ వ్యవధిలో, కొలవదగ్గ వాన పడే అవకాశం గురించి చెబుతుంది. ఎంత గట్టిగా పడుతుందో, పిడుగులు ఉంటాయో లేదో అందులో లేదు. 20 శాతం అన్నరోజు కూడా ఆ పడే కాస్తా ఉరుములతో పడవచ్చు. పైగా చాలా యాప్‌లు కొన్ని కిలోమీటర్ల గడికి సగటు లెక్క చెబుతాయి. లోయకూ శిఖరానికీ ఒకే జోస్యం రావడం అందుకే. శిఖరం మీద గాలి, చలి వేరే లోకం.

రాడార్ బొమ్మ చూస్తే ఒక్క ఫ్రేమ్ కాకుండా గత గంట కదలిక చూడండి. రాడార్ కిరణం దూరం పెరిగేకొద్దీ నేలకు ఎత్తుగా పోతుంది, కొండలు దాన్ని అడ్డుకుంటాయి. కొండ వెనక ఏమీ కనిపించకపోతే అక్కడ వాన లేదనుకోకండి.

అలారం మోగితే ఏం చేయాలో ముందే రాసుకోమంటారు. అంత అవసరమా?

ఈ పేజీలో అన్నిటికంటే అవసరమైనది ఇదే. పరికరం మోగాక కూడా నడక ఆపని గుంపులు ఉంటాయి. వాళ్లు తెలివితక్కువవాళ్లు కారు. శిఖరం అరగంట దూరంలో ఉంటుంది, సెలవు రేపటితో అయిపోతుంది, ముందు వెళ్లినవాళ్లు పైన కనిపిస్తుంటారు. అలసిన మనసు పరికరంతో వాదనకు దిగుతుంది: "ఇంకా దూరమే", "పోయినసారి కూడా ఇలాగే మోగింది", "ఇంకో పది నిమిషాలు చూద్దాం". ఆ వాదనలో పరికరం ఎప్పుడూ ఓడిపోతుంది, దానికి జవాబు చెప్పే నోరు లేదు కనుక.

అందుకే కీడెంచి మేలెంచమన్న పెద్దల మాట ప్రకారం, ఇంట్లో మనసు నిబ్బరంగా ఉన్నప్పుడే హద్దులు పెట్టుకోవాలి. మెరుపుకూ ఉరుముకూ మధ్య 30 సెకన్ల కంటే తక్కువైతే ఎక్కడున్నా దిగుతాం. మధ్యాహ్నం 1 గంటకు ఎక్కడున్నా వెనక్కి తిరుగుతాం. ఏటి నీళ్లు మోకాలు దాటితే అవతలికి వెళ్లం. మెసెంజర్ చార్జింగ్ 30 శాతానికి వస్తే దారి కుదించుకుంటాం. ఇలా అంకెల్లో ఉండాలి. "పరిస్థితి బాగోకపోతే చూద్దాం" అనేది హద్దు కాదు, మళ్లీ వాదనకు పిలుపు.

ఇంకో నియమం పెట్టుకోండి. గుంపులో ఏ ఒక్కరు "వెనక్కి పోదాం" అన్నా కారణం అడక్కుండా తిరగాలి. కొత్తగా వచ్చినవాళ్లు, చిన్నవాళ్లు మొహమాటంతో నోరు విప్పరు. వాళ్లకు ఆ హక్కు బయల్దేరే ముందే అందరి ఎదుటా ఇవ్వాలి.

## దారిలో

ఉష్ణోగ్రత 34 డిగ్రీలే చూపిస్తోంది. అయినా ఒంట్లో ఎందుకు తేడా చేస్తోంది?

థర్మామీటర్ గాలి వేడిని మాత్రమే చెబుతుంది. ఒంటికి తగిలే భారంలో తేమ, ఎండ, గాలి వేగం కూడా ఉంటాయి. వీటన్నిటినీ కలిపి చెప్పే కొలత డబ్ల్యూబీజీటీ. ఆరుబయట దీన్ని లెక్కించేటప్పుడు తడి బల్బు (తడి గుడ్డ చుట్టిన థర్మామీటర్) ఉష్ణోగ్రతకు 70 శాతం, ఎండకు వేడెక్కే నల్లగోళానికి 20 శాతం, మామూలు గాలి వేడికి కేవలం 10 శాతం ప్రాధాన్యం ఇస్తారు. చెమట ఆరుతుందా లేదా అన్నదే అసలు సంగతని ఈ లెక్కే చెబుతోంది. చేతిలో పట్టుకుని కొలిచే మీటర్లు దొరుకుతాయి. క్రీడా శిక్షకులకు, బృందాలను నడిపించేవాళ్లకు అవి ఉండాల్సిందే.

గడియారంలోని గుండె వేగం కూడా ఒక సూచనే. నీడలో పది నిమిషాలు కూర్చున్నా వేగం దిగకపోతే ఆ రోజుకు నడక చాలించండి. మనిషి తికమకగా మాట్లాడినా, తూలినా ఏ అంకె కోసమూ ఎదురుచూడకండి. అది వడదెబ్బ. వెంటనే చల్లటి నీళ్లతో ఒళ్లంతా తడిపి విసురుతూ సాయం పిలవాలి.

గడియారంలో బారోమీటర్ ఉంది. దాంతో తుఫాను ముందే తెలుస్తుందా?

ఒకచోట కదలకుండా ఉన్నప్పుడు బాగా తెలుస్తుంది. గాలి పీడనాన్ని బట్టే గడియారం ఎత్తును లెక్కిస్తుంది. రాత్రి గుడారంలో పడుకునే ముందు ఆ ఎత్తు చూసుకోండి. పొద్దున్నే అదే చోట 40 మీటర్లు ఎక్కువ చూపిస్తే మీరేం పైకి పోలేదు, గాలి పీడనం 4, 5 హెక్టోపాస్కల్స్ పడిపోయింది. సముద్రమట్టం దగ్గర ఒక్కో హెక్టోపాస్కల్‌కు సుమారు 8 మీటర్ల తేడా వస్తుంది. 3 గంటల్లో 4 హెక్టోపాస్కల్స్ పడిపోతే మోగేలా కొన్ని గడియారాల్లో అలారం ఉంటుంది.

నడుస్తూ ఎక్కుతున్నప్పుడు పీడనం ఎలాగూ తగ్గుతుంది కాబట్టి ఆ అలారం తికమక పడవచ్చు. మధ్యాహ్నం వేడికి కొండల మీద అప్పటికప్పుడు పుట్టే ఉరుముల మబ్బును బారోమీటర్ ముందుగా చెప్పకపోవచ్చు. దానికి తలెత్తి చూడటమే మార్గం.

ఆకాశం నిర్మలంగా ఉంది. ఏటి ఒడ్డున గుడారం వేసుకోవచ్చా?

మీ తల మీద ఆకాశం గురించి కాదు, ఎగువన ఎక్కడో కురిసే వాన గురించి ఆలోచించాలి. ఇరుకు లోయల్లో చినుకు పడకుండానే వరద వచ్చేస్తుంది. సిగ్నల్ ఉంటే రాడార్‌లో మీరున్న చోటు కాకుండా ఆ ఏటికి నీళ్లు చేరే కొండల వైపు చూడండి. ఆన్‌లైన్‌లో నీటిమట్టం చెప్పే చోట్ల ఎంత ఎత్తు ఉందన్న దానికంటే ఎంత వేగంగా పెరుగుతోందన్నది ముఖ్యం. పైన ఆనకట్ట ఉంటే గేట్లు ఎప్పుడు ఎత్తుతారో కనుక్కోండి.

పరికరం లేకపోయినా ఏరు తానే కబురు చెబుతుంది. తేటగా ఉన్న నీళ్లు బురద రంగులోకి మారడం, పుల్లలు, ఆకులు కొట్టుకురావడం, ఎగువ నుంచి హోరు వినిపించడం. వీటిలో ఒక్కటి కనిపించినా సామాను వదిలేసి గట్టెక్కండి. వేగంగా పారే నీళ్లు 15 సెంటీమీటర్ల లోతుంటే చాలు, పెద్దవాళ్లను పడగొట్టగలవు. 30 సెంటీమీటర్లుంటే చిన్న కారును తోసుకుపోతాయి.

గుడారంలో కార్బన్ మోనాక్సైడ్ అలారం ఎక్కడ పెట్టాలి? జిప్ కాస్త తెరిచి ఉంచితే చాలదా?

పడుకున్నప్పుడు ముక్కు ఉండే ఎత్తులో, తల దగ్గర పెట్టండి. ఈ వాయువు బరువు దాదాపు గాలితో సమానం, అంతటా కలిసిపోతుంది. కాబట్టి నేల మీదా పైకప్పునా అనే చర్చ అనవసరం. బట్టల కింద, సంచి లోపల మాత్రం ఉంచకండి. వాహనాల్లో, పడవల్లో వాడకానికి ఉద్దేశించిన ఈఎన్ 50291-2 అనే యూరోపియన్ ప్రమాణం ఉన్నది కొనండి, అది కుదుపులను తట్టుకునేలా పరీక్షించినది.

జిప్ తెరిస్తే చాలదు. ఆరిపోయినట్టు కనిపించే బొగ్గుల కుంపటి గంటల తరబడి ఈ వాయువును వదులుతూనే ఉంటుంది. వంటయ్యాక వెచ్చదనం కోసం దాన్ని లోపలికి తెచ్చుకుని నిద్రలోనే పోయినవాళ్లు ఎందరో. అలారం ఉందని లోపల నిప్పు పెట్టుకోవడం కూడా తప్పే. నిప్పు బయటే ఉండాలి. పక్క గుడారం నుంచో, వాహనం నుంచో తెలియకుండా వచ్చే దాని కోసమే అలారం.

ట్రాన్స్‌సీవర్ వేసుకుంటే మంచు వాలులో భయం లేనట్టేనా?

అది మంచు చరియలు విరిగిపడడాన్ని ఆపదు, ప్రమాదం జరిగాక మనిషిని వెతకడానికి మాత్రమే. ప్రపంచమంతటా 457 కిలోహెర్ట్జ్ మీదే పనిచేస్తాయి కాబట్టి ఏ కంపెనీదైనా ఇంకో కంపెనీదాన్ని కనిపెడుతుంది. పూర్తిగా కూరుకుపోయిన మనిషి బతికే అవకాశం మొదటి 10, 15 నిమిషాల తర్వాత చాలా వేగంగా పడిపోతుంది. అంత సమయంలో బయటి రక్షణ బృందం రాలేదు. వెతికేదీ తవ్వేదీ మీ తోటివాళ్లే. కాబట్టి సాధన లేని చేతిలో ఎంత ఖరీదైన ట్రాన్స్‌సీవర్ అయినా వృథా.

ఫోన్, కెమెరా, హెడ్‌ల్యాంప్ దీన్ని గందరగోళపరుస్తాయి. మామూలుగా 20 సెంటీమీటర్లు, వెతికేటప్పుడు 50 సెంటీమీటర్లు దూరం ఉంచండి. దుస్తుల్లో కుట్టే రెకో ప్రతిఫలకం (వెతికేవాళ్ల రేడియో సంకేతాన్ని తిప్పి పంపే చిన్న ముక్క) అదనపు సాయమే. దాన్ని కనిపెట్టే యంత్రం రక్షణ బృందాల దగ్గర ఉంటుంది కానీ మీ తోటివాళ్ల దగ్గర ఉండదు.

ఆ రోజు మంచు చరియల హెచ్చరిక స్థాయి చూడకుండా వెళ్లకండి. 5 స్థాయిల కొలబద్దలో 3 అంటే "మధ్యస్థం" అనుకుని చాలామంది వెళ్తారు. ప్రాణాలు ఎక్కువగా పోయేది ఆ మూడో స్థాయి రోజుల్లోనే.

ఉపగ్రహ మ్యాప్‌లో కార్చిచ్చు చుక్క లేదు. అటు వెళ్లవచ్చా?

ఆ చుక్కలు ప్రత్యక్ష ప్రసారం కాదు. ఉపగ్రహాల్లో ఉండే వీఐఐఆర్ఎస్ అనే సెన్సర్ ఒక్కో గడిని 375 మీటర్లుగా, పాతదైన మోడిస్ 1 కిలోమీటరుగా చూస్తుంది. ఆ ఉపగ్రహాలు ఒక చోటు మీదుగా రోజుకు కొద్దిసార్లే వెళ్తాయి, చూసింది మ్యాప్ మీదికి రావడానికి ఇంకొన్ని గంటలు పట్టవచ్చు. దట్టమైన మబ్బు ఉంటే మంట దాక్కుంటుంది. గాలి తోడైతే ఆ వ్యవధిలో నిప్పు లోయ దాటేస్తుంది. పొగ వాసన వచ్చినా, గాలి మీ వైపు వీస్తున్నా మ్యాప్ ఏమన్నా వెనుదిరగండి. నిప్పు ఎత్తుకు వేగంగా ఎగబాకుతుంది కాబట్టి మంటకు పైవైపు ఉండిపోకండి.

థర్మల్ కెమెరాతో అడవి జంతువులను ముందే చూడవచ్చా?

రాత్రి తెరిచి ఉన్న మైదానంలో చూడవచ్చు. దట్టమైన ఆకుల వెనక ఉన్నది కనిపించదు, వాహనం అద్దంలోంచి అసలే కనిపించదు. పగలు ఎండకు కాగిన బండలు కూడా జంతువుల్లా వెలుగుతాయి. మాట్లాడుకుంటూ, చప్పుడు చేస్తూ నడవడమే ఇప్పటికీ మంచి రక్షణ.

ఫోన్‌ను ఏరోప్లేన్ మోడ్‌లో పెడితే హెచ్చరికలు వస్తాయా?

రావు. అత్యవసర హెచ్చరికలు టవర్ నుంచి దాని పరిధిలోని ఫోన్లన్నిటికీ ఒకేసారి ప్రసారమవుతాయి, అందుకే నెట్‌వర్క్ కిక్కిరిసినా చేరతాయి. కానీ ఫోన్ టవర్‌తో కలిసి ఉండాలి. బ్యాటరీ మిగుల్చుకోవాలంటే, గుట్ట మీదికో తెరిచిన చోటికో వచ్చినప్పుడల్లా అయిదు నిమిషాలు ఆన్ చేసి చూసుకోండి.

## అలారం మోగాక

ఒక్కోసారి ఊరికే మోగుతుంది. ఆపేస్తే తప్పేంటి?

మూడుసార్లు ఉత్తుత్తిగా మోగిన అలారం నాలుగోసారి మోగితే "నాన్నా పులి" కథే అవుతుంది. ఆపేయడానికి ముందు ఎందుకు మోగుతోందో తెలుసుకోండి. పిడుగు డిటెక్టర్ పవర్ బ్యాంకు పక్కన ఉందా? ధూళిని కొలిచే లేజర్ సెన్సర్ పొగమంచు బిందువులను పొగగా లెక్కిస్తోందా? ముప్పు లేదని వేరే ఆధారంతో రుజువైతేనే ఆపండి. కార్బన్ మోనాక్సైడ్ అలారానికి ఈ మినహాయింపు కూడా లేదు. ముందు అందరూ బయటికి రావాలి, ఆలోచన తర్వాత.

పిడుగులు పడుతున్నాయి, దగ్గర్లో భవనం లేదు. ఎక్కడ నిలబడాలి?

ఆరుబయట పూర్తిగా సురక్షితమైన చోటు లేదు, తక్కువ ప్రమాదమున్న చోట్లున్నాయి. లోహపు పైకప్పు ఉన్న వాహనం అందుబాటులో ఉంటే అందులోకి వెళ్లి అద్దాలు ఎత్తేయండి. లేకపోతే శిఖరం నుంచి, గుట్ట అంచు నుంచి కిందికి దిగండి. నీళ్లలో ఉంటే బయటికి రండి. ఒంటరి చెట్టు కింద నిలబడకండి, దాదాపు ఒకే ఎత్తు చెట్లున్న తోపు దానికంటే మేలు. గుడారం ఏ రక్షణా ఇవ్వదు. ఒక్క పిడుగుకు అందరూ పడిపోకుండా దూరదూరంగా ఉండండి. చివరి ఉరుము విన్నాక 30 నిమిషాలు ఆగాకే కదలండి. వాన వెలిసిందని ముందే బయల్దేరొద్దు.

పిడుగు తగిలిన మనిషి ఒంట్లో కరెంటు ఉండిపోదు, నిర్భయంగా ముట్టుకోవచ్చు. గుండె, ఊపిరి ఆగితే వెంటనే సీపీఆర్ మొదలుపెట్టండి.

కార్బన్ మోనాక్సైడ్ అలారం మోగింది, కానీ పల్స్ ఆక్సిమీటర్‌లో 98 చూపిస్తోంది. పర్వాలేదా?

ఆ 98ని నమ్మకండి. వేలికి పెట్టే మామూలు ఆక్సిమీటర్, ఆక్సిజన్ పట్టుకున్న రక్తానికీ కార్బన్ మోనాక్సైడ్ పట్టుకున్న రక్తానికీ తేడా చెప్పలేదు. రెండూ దానికి ఒకేలా ఎర్రగా కనిపిస్తాయి. మనిషి ప్రాణం మీదికి వచ్చినా అంకె బాగానే ఉండవచ్చు.

అలారం ఎప్పుడు మోగుతుందో కూడా తెలుసుకోండి. ఈఎన్ 50291 ప్రమాణం ప్రకారం 50 పీపీఎం (గాలిలో పది లక్షల వంతులకు 50 వంతులు) ఉంటే గంట నుంచి గంటన్నర మధ్యలో, 100 ఉంటే 10 నుంచి 40 నిమిషాల్లో, 300 ఉంటే 3 నిమిషాల్లోపు మోగాలి. అంటే మోగేసరికే కొంతసేపు మీరు ఆ గాలి పీల్చి ఉండవచ్చు. తలనొప్పి, వికారం, మత్తు ఉంటే తిరిగి లోపలికి వెళ్లకుండా వైద్య సాయం కోరండి. ఒకేసారి చాలామందికి తలనొప్పి వచ్చిందంటే అది అలసట కాదు.

ఎస్ఓఎస్ నొక్కాను. ఇప్పుడేం చేయాలి?

బీకన్ యాంటెన్నా నిటారుగా, ఆకాశం వైపు తెరిచి ఉండాలి. ఒంటితో, బండతో కప్పేయకండి. "పంపాను కదా" అని ఆపేయకండి, రక్షించేవాళ్లు చేరేదాకా నడవనివ్వండి. అది సుమారు 50 సెకన్లకోసారి సంకేతం పంపుతుంది. జీపీఎస్ అందితే 100 మీటర్ల లోపు చోటు తెలుస్తుంది, అందకపోతే వెతకాల్సిన వృత్తం కిలోమీటర్లకు పెరుగుతుంది. దగ్గరికొచ్చాక వాళ్లు 121.5 మెగాహెర్ట్జ్ సంకేతాన్ని పట్టుకుని మిమ్మల్ని చేరతారు.

ఉన్నచోటే ప్రాణాపాయం లేకపోతే కదలకండి. ఇది చాలా కష్టం, తెలుసు. గంట గడిచినా ఎవరూ రాకపోతే కాళ్లు ఆగవు. అయినా ఆగండి. వెచ్చటి బట్టలు వేసుకోండి, కింద ఏదైనా పరుచుకుని కూర్చోండి, రంగు గుడ్డ పరచండి. హెలికాప్టర్ కనిపిస్తే రెండు చేతులూ వీ ఆకారంలో పైకెత్తండి.

పొరపాటున ఎస్ఓఎస్ నొక్కేశాను. ఏం చేయాలి?

వెంటనే ఆపి, రక్షణ కేంద్రానికో అత్యవసర నంబరుకో మీరే చెప్పండి. మెసెంజర్ అయితే అందులోంచే రద్దు సందేశం పంపండి. శిక్ష పడుతుందేమోనని దాచకండి. మీరు చెప్పేదాకా ఎవరో మీ కోసం కొండల్లో వెతుకుతుంటారు.

భూకంప హెచ్చరిక ఫోన్‌కు ఎంత ముందుగా వస్తుంది?

కొన్ని సెకన్లు. మరీ దూరమైతే నిమిషం దాకా. ముందుగా వచ్చే పీ తరంగాలు వేగంగా పోతాయి, ఎక్కువ ఊపే ఎస్ తరంగాలు వెనక వస్తాయి. ఆ మధ్య వ్యవధే మీకు దొరికేది. కేంద్రానికి దగ్గరగా ఉంటే హెచ్చరిక కంటే ఊపే ముందు రావచ్చు. కొండవాలు కింద, గోడల పక్కన, కరెంటు తీగల కింద ఉంటే ఆ సెకన్లలో పక్కకు జరగండి. సముద్రతీరంలో చాలాసేపు గట్టిగా ఊగితే సునామీ హెచ్చరిక కోసం ఫోన్ చూస్తూ నిలబడకండి, ఎత్తుకు నడవండి.

## తిరిగి వచ్చాక

ఈ పరికరాలు ఎన్నేళ్లు పనిచేస్తాయి? పాతవి ఏం చేయాలి?

కార్బన్ మోనాక్సైడ్ సెన్సర్లు మోడల్‌ను బట్టి 5 నుంచి 10 ఏళ్లు. వాడినా వాడకపోయినా అవి అరిగిపోతాయి. పీఎల్‌బీ బ్యాటరీ గడువు చాలా మోడళ్లలో 5 నుంచి 7 ఏళ్లు, ఒకసారి నిజంగా వాడితే గడువున్నా మార్పించాలి. ట్రాన్స్‌సీవర్‌ను సీజన్ అయ్యాక సెల్స్ తీసి దాచండి, కారిన రసాయనం లోపలి భాగాలను తినేస్తుంది. కొత్త సీజన్ ముందు సాఫ్ట్‌వేర్ అప్‌డేట్ ఉందేమో చూడండి.

పాత బీకన్‌ను చెత్తబుట్టలో వేయకండి. చెత్తకుప్పలో నలిగి దానంతటదే మొదలైతే రక్షణ బృందాలు ఆ కుప్పల్లో వెతుక్కోవాల్సి వస్తుంది. బ్యాటరీ విడదీయించి ఎలక్ట్రానిక్ వ్యర్థాలు తీసుకునేవాళ్లకు ఇవ్వండి, రిజిస్ట్రేషన్‌లో అది ఇక వాడకంలో లేదని రాయించండి.